ఉల్‌బోసిన్ సముద్రంలో పోసిన పురుగులు

మా తోడికోడలు ఉల్‌బోసిన్‌ని మా ఊరు ముప్పై ఏళ్ళ పాటు "సముద్రాన్ని చంపిన మనిషి" అని ఆడిపోసుకుంది. మొహం మీద అన్నవాళ్ళు కొందరు, వెనకాల అన్నవాళ్ళు అందరూ. ఆవిడ మా బావగారి భార్య, నాకు అక్క వరస. ఎవరేమన్నా తల వంచుకుని టీ పోసేది. నేనలా కాదు. నా దగ్గర ఒక మాట అంటే రెండు తిని పోవాల్సిందే. అందుకే ఆవిడ కథ ఆవిడ చెప్పదు, నేను చెబుతున్నాను.

ముందే ఒక సంగతి. మా మామగారి పేరు ఇందులో ఎక్కడా రాదు. కోడలు మామ పేరు నోటితో పలకడం మా కజక్కుల్లో లేదు, ఆయన పోయి ఎన్నేళ్ళయినా సరే. మేమిద్దరం చాటుగా ఆయన్ని "పెద్దపడవ" అనుకునేవాళ్ళం. మనిషి అలాగే ఉండేవాడు. వెడల్పు, బరువు, ఒకసారి ఒక వైపు తిరిగాడంటే ఇంకో వైపు తిప్పడం ఎవరి తరమూ కాదు. ఆరల్ సముద్రం మీద ఆయనకి తెలియని చేప లేదని చుట్టుపక్కల ఊళ్ళన్నీ చెప్పుకునేవి. ఆయన కూడా అలాగే అనుకునేవాడు.

ఉల్‌బోసిన్ అంటే "కొడుకు పుట్టాలి" అని అర్థం. వాళ్ళమ్మకి వరసగా ఆడపిల్లలే పుడుతుంటే విసుగెత్తి ఈవిడకి ఆ పేరు పెట్టారు. తర్వాత పుట్టింది కూడా ఆడపిల్లే, ఆ సంగతి వేరు. పెళ్ళికి ముందు రేవులో చేపల ఫ్యాక్టరీలో పొలుసు గీకేది. ఆ రోజుల్లో సముద్రం మా గుమ్మాల దాకా ఉండేది. ఒక ఎండాకాలం అంటోనినా అనే రష్యన్ ఆవిడ దిగింది. ప్యాంటు వేసుకుని, మెడలో భూతద్దం వేలాడేసుకుని. సముద్రం అడుగున ఏమేం బతుకుతున్నాయో చూడడం ఆవిడ ఉద్యోగం. అడుగు బురద తోడాలి, జల్లెడలో పోసి కడగాలి, మిగిలిన ప్రాణుల్ని ఏరి సీసాల్లో వెయ్యాలి. కడగడానికి ఓపికున్న చేతులు కావాలంది. ఉల్‌బోసిన్‌ని పంపారు.

ఆ బురదలో ఆవిడకేం కనిపించిందో నేను కాపురానికి వచ్చాక ఒంటె పాలు పితుకుతూ అడిగాను.

"అన్నాళ్ళు బురద కడిగావు కదక్కా, ఏం చూశావు అందులో?"

"చుట్టాల్ని చూశానే."

"ఎవరి చుట్టాల్ని?"

"జలగ చుట్టాల్ని. రెల్లులోకి దిగితే నీ పిక్క పట్టుకుంటుందే ఆ జలగ, పుచ్చపాదుల్లో తవ్వితే వచ్చే వానపాము, సముద్రపు పురుగు, ఇవన్నీ ఒకటే వంశం. చూడు, ఒళ్ళంతా ఉంగరాలు గుచ్చినట్టుంటుంది. అదే వాటి గుర్తు."

"ఛీ! పాల దగ్గర జలగల మాటేంటి?"

"నువ్వే కదే అడిగావు!" అని నవ్వి, ఆపకుండా చెప్పుకుపోయింది. వానపాము ఒంటి మీద కంటికి ఆనని ముళ్ళుంటాయట, తోక నుంచి తల వైపు వేలితో రాస్తే గరగరలాడతాయట. జలగకి ముళ్ళు లేవు, రెండు చివరలా అతుక్కునే చిప్పలున్నాయి. సముద్రపు పురుగుకేమో ఉంగరానికో జత కాళ్ళు, కాలి చివర కుచ్చులా వెంట్రుకలు, తల మీద నాలుగు కళ్ళు. బురదలో బొరియ చేసుకుని, నోట్లోంచి దవడలు బయటికి తోసి తిండి లాక్కుంటుంది. తోక తెగితే మళ్ళీ మొలిపించుకుంటుంది.

"తల తెగితే?"

"తల తెగితే ఎవరైనా చస్తారే పిచ్చిదానా. గుడ్లు పెట్టాక ఆడది ఆ బొరియలోనే ప్రాణం వదిలేస్తుంది."

"అదొక్కటీ మనలాగే ఉంది," అన్నాను.

మా వాళ్ళలో ఎవడికైనా ఏడు తరాల తాతల పేర్లు నోటికి రావాలి. రాకపోతే సంబంధం మాట్లాడేటప్పుడు పరువు పోతుంది. ఉల్‌బోసిన్ పురుగులకి కూడా వంశం చెబుతోందని ఊరు ఊరంతా పడీ పడీ నవ్వింది. ఆ నవ్వు మాత్రం మంచి నవ్వే. చెడ్డది తర్వాత వచ్చింది.

అంటోనినా వచ్చిన ఆ ఎండాకాలం చివరే విమానంలో డబ్బాలు వచ్చాయి. ఏదో దూరపు సముద్రం నుంచి తడి నాచులో చుట్టి తెచ్చిన పురుగులు. మన సముద్రం అడుగున చేపలకి తిండి చాలట్లేదు, ఈ పురుగు బురద తిని బలుస్తుంది, దీన్ని తిని చేప బలుస్తుంది, అని అంటోనినా చెప్పింది. పడవ అంచున కూర్చుని డబ్బాలు ఒంపింది ఉల్‌బోసిన్. ఆ పడవ నడిపింది మా పెద్దపడవ. "చేపలకి పెళ్ళి విందు పెడుతున్నావా పిల్లా!" అని వేళాకోళం కూడా ఆడాడట. ఆ పిల్ల చేతి ఓపిక చూసే మా బావగారు ఓతెగెన్‌కి అడిగి చేసుకున్నారు.

తర్వాత కొన్నేళ్ళకి సముద్రం వెనక్కి నడవడం మొదలుపెట్టింది. ఒక ఏడు రేవు మెట్లు బయటపడ్డాయి, ఇంకో ఏడు పడవలు ఇసకలో కూర్చున్నాయి, ఆ పైన పొద్దున్నే లేచి చూస్తే నీళ్ళే కనపడలేదు. మిగిలిన నీళ్ళు ఉప్పు కషాయం. చేప చచ్చి ఒడ్డున పడింది. గాలొస్తే ఉప్పు దుమ్ము, కళ్ళల్లో, అన్నంలో, పసిపిల్లల పక్కల్లో. పై ఊళ్ళల్లో నదుల్ని పత్తిచేలకి మళ్ళించేశారని ఇప్పుడు అందరికీ తెలుసు. కానీ ఆ నదుల మళ్ళింపు మా వాళ్ళెవరూ కళ్ళతో చూడలేదు. కళ్ళతో చూసింది ఒకటే, ఉల్‌బోసిన్ డబ్బాలు ఒంపడం. పరాయి సముద్రపు పురుగుని మన సముద్రంలో పోస్తే ఊరుకుంటుందా, అలిగి పోయింది, అన్నారు. అనడం మొదలుపెట్టాక ఇక ఆపలేదు.

పెద్దపడవ ఆవిడని తిట్టలేదు. తిట్టినా బాగుండేది. ఒకరోజు భోజనం దగ్గర, మేమందరం ఉండగా, నెమ్మదిగా అన్నాడు.

"నువ్వు పోసిన రోజు పడవలో నేనూ ఉన్నానమ్మా. చెయ్యి పట్టుకుని ఆపలేకపోయాను."

అంతే. ఇంకెప్పుడూ ఆ మాట ఎత్తలేదు. కానీ అది ఆవిడ గుండెల్లో దిగబడిపోయింది. ఊరు అంటే తట్టుకుంది, ఆయన మాట తట్టుకోలేకపోయింది.

"అంటోనినాకి తెలియకుండా ఏదైనా అయిందేమో రిస్తీ," అని నాతో అంది ఒకసారి, పిడకలు ఏరుతూ. "ఆ పురుగే ఏదైనా చేసిందేమో. నా చేత్తోనే పోశాను కదే."

"నీకు బుర్ర ఉందా అసలు? వేలెడంత పురుగు సముద్రాన్ని తాగేస్తుందా?" అని కసిరాను. నమ్మినట్టు తలూపింది. నమ్మలేదు.

ఒక్కో ఇల్లూ ఖాళీ అయింది. మా వైపు కలప దొరకదు కాబట్టి పోయేవాళ్ళు తలుపులూ కిటికీలూ ఊడదీసి పట్టుకుపోతారు. ఊరు బోసినోరు పెట్టుకుని మిగిలింది. చివరికి ఒక శరత్కాలంలో మిగిలిన కొంపలవాళ్ళం కూడా తేల్చేసుకున్నాం. వారం చివర లారీలు వస్తాయి, నది పక్క వరి ఊళ్ళకి పోదాం అని. మా ఆయన అప్పటికే తలుపు బందులు విప్పుతున్నాడు.

మత్స్యకారుల జట్టు పెద్ద తుర్‌గన్‌బయ్ మాత్రం వెళ్ళే ముందు ఒక్కసారి చివరి వల వేద్దామన్నాడు. ఎప్పుడో ప్రభుత్వం వాళ్ళు ఈ ఉప్పునీళ్ళలో ఒక బల్లపరుపు చేపని వదిలారు. రొట్టెలా చదునుగా ఉంటుంది, రెండు కళ్ళూ ఒకే పక్కన, నోరు వంకర. మా ముసలాళ్ళు దాన్ని చూసి "దేవుడు సగంలో లేచిపోయిన పని" అని మొహం తిప్పుకున్నారు, ఎవరూ పట్టలేదు. అది ఇంకా బతికే ఉందని ఎవరో చెబితే, అది పడితే ఉందాం, పడకపోతే పోదాం అన్నాడు తుర్‌గన్‌బయ్. అది అడుగున పడుకునే చేప కనుక వలకి బరువులు ఎక్కువ కట్టి అడుక్కి దించారు.

ఒడ్డుకి ట్రాక్టరు మీద వెళ్ళాం, ఆడవాళ్ళం కూడా. పిండి, నూనె, పెనం, టీ సామాను మా వెంటే. పొద్దెక్కాక వల లాగారు. లాగుతుంటే మగవాళ్ళ మెడ నరాలు తేలాయి. అమ్మో, ఆ బరువు! ఎన్నేళ్ళకి చూశామో ఆ బరువు! మా ఆయన ఏడ్చేశాడు, నేను పళ్ళు బయటపెట్టుకుని నిలబడ్డాను. వల నిండా మట్టిరంగు రొట్టెలు టపటపా కొట్టుకుంటున్నాయి.

తుర్‌గన్‌బయ్ మొదటి చేప కడుపు చీల్చాడు. లోపల ఎర్రటి పురుగులు కుప్పగా ఉన్నాయి. రెండోది చీల్చాడు, అందులోనూ అవే. మూడోది చీల్చి కత్తి నేలకేసి కొట్టాడు.

"పురుగు పట్టిన చేప! మొత్తం పురుగే!"

మాకు పురుగుపట్టిన చేప కొత్త కాదు. పాత రోజుల్లో వెడల్పు చేపల కడుపులో తెల్లటి నాడాలాంటి పురుగు ఉండేది. దాన్ని చూస్తే చేప తినేవాళ్ళం కాదు, గొయ్యి తీసి పాతిపెట్టేవాళ్ళం. అందుకే ఎవరూ ఆలోచించలేదు. అందరి మొహాలూ వాడిపోయాయి. గుంట తియ్యండిరా అన్నాడు తుర్‌గన్‌బయ్. అని, ఉల్‌బోసిన్ వైపు తిరిగాడు.

"చూసుకో వదినా నీ సంతానాన్ని! సముద్రాన్ని తిన్నారు, అరగలేదు, ఇప్పుడు చేపని తింటున్నారు. ఇంకేం మిగిలింది? మమ్మల్ని కూడా తినమను!"

నాకు అరికాలి మంట నెత్తికెక్కింది. "నోరు ముయ్యి తుర్‌గన్‌బయ్! సముద్రం నీ అబ్బ సొత్తా, ఆవిడ తినేయడానికి? ఎదురు చెప్పని మనిషి దొరికింది కదాని..." అని అందుకున్నాను. మా ఆయన నా చెయ్యి లాగుతున్నాడు. పెద్దపడవ కొంచెం అవతల ఇసకలో కూర్చుని సముద్రం వైపే చూస్తున్నాడు. ఇటు తిరగలేదు.

ఉల్‌బోసిన్ మా ఎవరి మాటా విన్నట్టు లేదు. చీల్చిన చేప పక్కన మోకాళ్ళ మీద కూర్చుంది. కడుపులోంచి ఒక పురుగుని తీసి నీళ్ళలో కడిగి అరచేతిలో పెట్టుకుంది. వేలితో దాని వీపు మీద రాసింది. అటు తిప్పింది, ఇటు తిప్పింది.

"ఇది నా పురుగే," అంది.

"మేమూ అదే కదా మొత్తుకుంటున్నాం!" అన్నాడు తుర్‌గన్‌బయ్.

"బతికే ఉందా ఇంకా! ఇంత ఉప్పులో!" తనలో తను అనుకున్నట్టు అంది. అప్పుడు తల ఎత్తి మామూలు గొంతుతో అడిగింది. "తుర్‌గన్‌బయ్, చేప కడుపులో ఉండే తెల్ల పురుగుకి కాళ్ళుంటాయా?"

"దానికి కాళ్ళెందుకు?"

"అదే నేనూ అడుగుతున్నా. కడుపులో కూర్చుని తినేదానికి కాళ్ళెందుకు, కళ్ళెందుకు? ఇదిగో దీనికి ఒళ్ళంతా కాళ్ళే. ఇది నడిచే పురుగు, బురదలో ఉండే పురుగు. ఇది చేపని తినట్లేదు. చేప దీన్ని తింది. చూడు, సగం కొరికిన ముక్కలు, సగం అరిగినవి. ఆ పొట్ట సంచి దాటి ఒక్కటైనా మాంసంలో ఉందేమో చూపించు."

తుర్‌గన్‌బయ్ వంగి చూశాడు. మాంసం పాలలా తెల్లగా ఉంది. నమ్మినట్టు మాత్రం లేదు. ఇంకెవరో వెనక నుంచి "ఏం తింటే ఏంటి, పురుగు తిన్న చేప పురుగు చేపే" అన్నారు.

ఉల్‌బోసిన్ లేచి నా మూటలోంచి పిండి జల్లెడ లాక్కుంది. కొత్త జల్లెడ! "అక్కా, అది రొట్టెలకే..." అంటున్నాను, ఎక్కడ వింటుంది. వలకి అంటుకుని వచ్చిన అడుగు బురద దోసిళ్ళతో ఎత్తి జల్లెడలో పోసి, మోకాలి లోతు నీళ్ళలో నిలబడి కడగడం మొదలుపెట్టింది. చిన్నగా ఊపుతూ, నీళ్ళలో ముంచి లేపుతూ. ఆవిడ చేతులు అలా ఆడడం నేనప్పటిదాకా చూడలేదు. అందరూ చుట్టూ చేరారు. పెద్దపడవ కూడా లేచి వచ్చాడు.

బురద పోయాక జల్లెడలో మిగిలినవి ఆవిడ ఒక్కొక్కటీ తీసి చూపించింది.

"ఇవి నత్తలు. మేం కడిగే రోజుల్లో జల్లెడ నిండా ఉండేవి. ఇప్పుడు ఉత్త గుల్లలు, లోపలేం లేదు. ఇవి ఆల్చిప్పలు. ఇవీ గుల్లలే. దోమ పిల్లలు ఎర్రగా ఉండేవి, ఒక్కటీ లేదు. రొయ్యపొట్టులాంటివి ఉండేవి, లేవు. అన్నీ ఉప్పుకి చచ్చిపోయాయి మామయ్యా." అని జల్లెడ ఆయన ముందుకు పట్టుకుంది. అందులో నాలుగైదు పురుగులు మెలికలు తిరుగుతున్నాయి. "ఇవే మిగిలాయి."

పెద్దపడవ జల్లెడలోకి చాలాసేపు చూశాడు. చేప తప్ప చేప తినేదేంటో జీవితంలో ఎప్పుడూ చూడని మనిషి. ఆయన వేలు పెడితే ఒక పురుగు ఆ వేలి చుట్టూ పాకింది. వదిలించుకోలేదు.

"ఇవి లేకపోతే?" అన్నాడు.

"లేకపోతే ఈ చేపకి తిండి లేదు."

"తిండి లేకపోతే?"

ఖాళీ వల ఎలా ఉంటుందో ఆ ఒడ్డున ఉన్న మగాడికీ ఆడదానికీ అందరికీ తెలుసు. తుర్‌గన్‌బయ్ టోపీ తీసి చేతిలో పట్టుకున్నాడు. గుంట తీస్తున్నవాళ్ళు పారలు ఆపారు.

నేను ఇంక ఆగలేదు. పొయ్యి రాజేశాను. ఉల్‌బోసిన్ చేపలు కడిగి, ముక్కలు కోసి, ఉప్పు రాసి, పిండి అద్ది నూనెలో వేసింది. వాసన మటుకు చెప్పకూడదు, కడుపులో పేగులు అరిచాయి. పళ్ళెంలో తీసి అందరి మధ్యలో పెట్టింది. ఎవరూ చెయ్యి చాపలేదు. ఆవిడే ముందు ఒక ముక్క తింది. నేను రెండోది తిన్నాను. భయం లేదని చెప్పను, పురుగు మొహం కళ్ళ ముందు ఆడుతూనే ఉంది. కానీ ఆవిడ ఒక్కతే తిని కూర్చుంటే నేను చూస్తూ నిలబడతానా? నాలిక మీద పెట్టుకుంటే వెన్నలా కరిగింది.

పెద్దపడవ మా ఎదురుగా కూర్చుని "బిస్మిల్లా" అని ఒక ముక్క అందుకున్నాడు. ఊరంతా ఆయన దవడల వైపే చూస్తోంది. నమిలాడు, ముల్లు తీసి పక్కన పెట్టాడు, ఇంకో ముక్క అందుకున్నాడు. అప్పుడు చూడాలి! ఆ పళ్ళెం మీద పడ్డ చేతులకి లెక్క లేదు. తుర్‌గన్‌బయ్ వేళ్ళు కాల్చుకుని ఊదుకుంటూ తిన్నాడు. "పురుగు చేప ఎలా ఉంది మరిదీ?" అని నేనడిగితే నోట్లో పెట్టుకున్నది మింగలేక చేతులు జోడించాడు. మా ఆయన మాత్రం తింటూ తింటూ ఇంటికెళ్ళి తలుపు బందులు మళ్ళీ బిగించాలని అన్నాడు. ఆ మాటకి నేను ఇంకో ముక్క తీసి ఆయన చేతిలో పెట్టాను.

ఉల్‌బోసిన్ పెనం దగ్గరే కూర్చుని చేపలు తిప్పుతోంది. తల ఎత్తట్లేదు. మామగారు తినేసి, చేతులు ఇసకతో తుడుచుకుని, ఆవిడ వైపు తిరిగాడు.

"కోడలా. ఆ రోజు ఎన్ని డబ్బాలు ఒంపావు?"

ఆవిడ చేతిలో గరిటె ఆగిపోయింది. "గుర్తు లేదు మామయ్యా. కొన్ని."

"కొన్నేనా?"

"కొన్నే."

పెద్దపడవ వెడల్పాటి మొహం ముడుచుకుంది. కళ్ళల్లోంచి నీళ్ళు గడ్డంలోకి జారుతున్నాయి, తుడుచుకోవట్లేదు. గొంతు మాత్రం కోడల్ని గదమాయించే మామ గొంతే.

"నాకంటే తెలియదు, ముసలి మూర్ఖుణ్ణి. నీకు తెలుసు కదా? అంత పెద్ద సముద్రం ముందు పెట్టుకుని కొన్నేనా పోసేది? ఇంకో నాలుగు డబ్బాలు ఎక్కువ పొయ్యలేకపోయావా, పిచ్చిమొహమా!"

ఉల్‌బోసిన్ నోరు తెరుచుకుని ఆయన వైపు చూసింది. గరిటె పడేసింది. తలగుడ్డ కొంగుతో మొహం కప్పుకుని భుజాలు అదిరేలా ఏడ్చింది, ఆ ఏడుపులోనే నవ్వింది, ఏది ఏడుపో ఏది నవ్వో నాకే తెలియలేదు.

"వాళ్ళు తెచ్చింది అంతే మామయ్యా!" అని అరిచింది. "ఉంటే పొయ్యనా!"

"సరే సరే, అరవకు," అన్నాడు పెద్దపడవ. "చేప మాడిపోతోంది, తిప్పు."